పాఠకుని చెంతకు గ్రంథపాలకుడు

పాఠ్యభాగ ఉద్దేశం

గ్రంథాలయం అనగానే మనకు ఒక భవనం, వరుసగా బీరువాలు, గోడకు వేలాడే 'నిశ్శబ్దం పాటించండి' అనే పలక గుర్తుకు వస్తాయి. చదువు ఇంటికీ, చేతిలోని సెల్‌ఫోనుకూ చేరిన ఈ కాలంలో గ్రంథపాలకుని స్థానం ఎక్కడ అనే ప్రశ్నను పరిశీలించడం, ఆంధ్రదేశ గ్రంథాలయోద్యమ చరిత్ర వెలుగులో దానికి సమాధానం వెదకడం ఈ పాఠం ఉద్దేశం.

పాఠం

పొదిలికీ మార్కాపురానికీ నడుమ కొనకనమిట్ల అనే మండల కేంద్రం ఉంది. అది మెట్ట పొలాల సీమ. వాన కురిసిన ఏడు పంట, కురవని ఏడు వలస. మార్కాపురం పలకల మీద అక్షరాలు దిద్దిన తరాలు తెలుగునాట ఎన్నో ఉన్నాయి. ఆ పలకలను ఇచ్చిన నేల నీటి విషయంలో మాత్రం తన బిడ్డలపై దయ చూపలేదు. పొదిలి, కనిగిరి, దర్శి పరిసరాలలోని అనేక గ్రామాలలో భూగర్భజలంలో ఫ్లోరైడు ఉంది. లీటరు నీటిలో ఒక మిల్లీగ్రామును మించి ఫ్లోరైడు ఉండరాదనీ, గత్యంతరం లేనిచోట మాత్రమే ఒకటిన్నర మిల్లీగ్రాముల దాకా సహించవచ్చుననీ భారతీయ ప్రమాణాలు చెబుతున్నాయి. ఆ హద్దు దాటిన నీటిని ఏళ్ళ తరబడి తాగినవారి పళ్ళపై గోధుమరంగు చారలు పడతాయి. కీళ్ళు బిగుసుకొనిపోతాయి. నడుము వంగిపోతుంది.

ఆ ప్రాంతంలో ఒక విద్యార్థినిని ఊహించుకొందాం. ఆమె డిగ్రీ పూర్తిచేసింది. ఒంగోలులోనో, గుంటూరులోనో వసతిగృహంలో ఉండి చదివించే శక్తి తల్లిదండ్రులకు లేదు. అందువల్ల ఒక విశ్వవిద్యాలయం ఆన్‌లైన్‌లో నడిపే సమాజశాస్త్రం ఎం.ఏ.లో చేరింది. పాఠాలు ఫోనులో వస్తాయి. పరీక్షకు తప్ప విశ్వవిద్యాలయం గడప తొక్కే పనిలేదు. రెండవ అర్ధ సంవత్సరంలో 'మీ ప్రాంతంలోని ఒక ప్రజాసమస్య - దాని చరిత్ర' అనే అంశంపై వ్యాసం రాయమన్నారు. ఆమె సహజంగానే నీటిని ఎంచుకొంది. తాతగారు కర్ర లేకుండా లేవలేకపోవడం ఆమె చిన్ననాటి నుంచి చూసిన దృశ్యం.

రాత్రి పనులు ముగిసిన తరువాత ఫోను తీసి 'ప్రకాశం జిల్లా ఫ్లోరోసిస్ చరిత్ర' అని వెదికింది. పత్రికా వార్తలు వచ్చాయి. నాయకుల హామీలు వచ్చాయి. రెండు మూడు వీడియోలు వచ్చాయి. వాటిలో ఏదీ కొన్ని దశాబ్దాలకు వెనుక పోలేదు. దానితో ఆమె తన వ్యాసంలో, బోరుబావులు పెరిగిన తరువాతనే, అంటే ఇటీవలి కాలంలోనే ఈ వ్యాధి బయటపడింది అని రాసింది. వాక్యం చక్కగా ఉంది. తర్కం కూడా కుదిరినట్టే కనిపిస్తుంది. కాని ఆ వాక్యం తప్పు.

1937లోనే షార్ట్, మెక్‌రాబర్ట్, బర్నార్డ్, నాయర్ అనే నలుగురు మద్రాసు ప్రెసిడెన్సీలోని ఫ్లోరోసిస్‌ను గురించి ఇండియన్ జర్నల్ ఆఫ్ మెడికల్ రీసెర్చ్‌లో వ్యాసం ప్రకటించారు. నెల్లూరు జిల్లాలో కనిపించిన ఈ వ్యాధిని వైద్యశాస్త్రం దృష్టికి తెచ్చిన తొలి రచనలలో అది ఒకటి. మన దేశంలో ఫ్లోరోసిస్ చరిత్ర రాసేవారు దాదాపు అందరూ దానితోనే ఆరంభిస్తారు. మరి మన విద్యార్థినికి అది ఎందుకు కనబడలేదు?

కారణం చాలా చిన్నది. 1937లో ప్రకాశం జిల్లా లేదు. 1970 ఫిబ్రవరిలో ఒంగోలు జిల్లా ఏర్పడింది. 1972లో టంగుటూరి ప్రకాశం పంతులుగారి పేరు దానికి పెట్టారు. అంతకుముందు పొదిలి, దర్శి, కనిగిరి తాలూకాలు నెల్లూరు జిల్లాలోనివి. మార్కాపురం, గిద్దలూరు కర్నూలు జిల్లాలోనివి. ఒంగోలు, అద్దంకి, చీరాల గుంటూరు జిల్లాలోనివి. కాబట్టి పొదిలి సీమను గురించిన పాత కాగితం ఏదైనా నెల్లూరు పేరుతో ఉంటుంది. దానికి పొరుగుననే ఉన్న మార్కాపురం సంగతి కావాలంటే కర్నూలు పేరు పట్టుకొని పోవాలి. 2022 నుంచి జిల్లాల గీతలు మరల మారుతూ వస్తున్నాయి. ఊరు కదలలేదు. పేరు మాత్రం ఒక పెట్టెలో నుంచి మరొక పెట్టెలోకి మారింది. వెదికే యంత్రం అడిగిన మాటకే బదులు చెబుతుంది. 'అమ్మాయీ, నీవు అడగవలసిన మాట అది కాదు' అని చెప్పడం దాని స్వభావంలో లేదు.

ఆ మాట చెప్పగలవాడు గ్రంథపాలకుడు. పాత మాటకూ కొత్త మాటకూ, పాత జిల్లాకూ కొత్త జిల్లాకూ నడుమ ఉన్న దారి తెలిసి ఉండటమే ఆయన విద్య. కడప పేరు ఇంగ్లీషు వర్ణక్రమం 2005లో మారిందనీ, అంతకు పూర్వపు గ్రంథాలను పాత వర్ణక్రమంతోనే వెదకాలనీ ఆయనకు తెలుసు. విజయవాడ అని వెదికితే రానిది బెజవాడ అని వెదికితే వస్తుందనీ తెలుసు. కాని ఆయన ఉన్నది ఎక్కడ? ఎక్కడో విశ్వవిద్యాలయ ప్రాంగణంలో, పెద్ద భవనం మొదటి అంతస్తులో. కొనకనమిట్ల విద్యార్థిని ఆ మెట్లు ఎన్నడూ ఎక్కదు. ఆయనను అడగవచ్చుననే సంగతి కూడా ఆమెకు తెలియదు. ఆన్‌లైన్ చదువులో అధ్యాపకుడు తెరమీదకు వచ్చాడు, పరీక్ష తెరమీదకు వచ్చింది, రుసుము కట్టే కిటికీ కూడా తెరమీదకు వచ్చింది. గ్రంథపాలకుడు ఒక్కడే భవనంలో మిగిలిపోయాడు.

ఈ లోటును పూరించడానికి కొన్ని దేశాల విశ్వవిద్యాలయాలు ఒక పద్ధతిని అనుసరిస్తున్నాయి. గ్రంథపాలకుని పేరును కూడా కోర్సులో చేరుస్తారు. అధ్యాపకుని పేరు పక్కన ఆయన పేరు కనిపిస్తుంది. పాఠ్యప్రణాళిక ఆయనకు ముందుగా తెలుస్తుంది. వ్యాసం రాయమని చెప్పిన వారంలో ఆయన తరగతిలో ప్రవేశిస్తాడు. చర్చలో పాల్గొంటాడు. ప్రశ్నలకు బదులు చెబుతాడు. ఇటువంటి వానిని ఇంగ్లీషులో 'ఎంబెడెడ్ లైబ్రేరియన్' అంటున్నారు. 2003లో ఇరాక్ యుద్ధకాలంలో సైనిక దళాలతోపాటే ప్రయాణించిన విలేకరులకు వాడిన విశేషణం ఇది. 2004లో బార్బరా డ్యూయీ అనే అమెరికా గ్రంథాలయ నిపుణురాలు దానిని గ్రంథపాలకులకు అన్వయించి వ్యాసం రాశారు. తరువాత ఆ పేరు స్థిరపడింది. 2012లో డేవిడ్ షూమేకర్ ఆ పేరుతోనే ఒక గ్రంథం వెలువరించారు.

యుద్ధం నుంచి వచ్చిన మాట గ్రంథాలయానికి నప్పుతుందా అనే సందేహం నాకు ఉంది. మనకు అంతకన్న అందమైన క్రియ ఒకటి ఉంది. అది 'పొదుగు'. కంసాలి నగలో రాయిని పొదుగుతాడు. రాయి నగలో భాగమవుతుంది, అయినా దాని వెలుగు దానిదే. కోడి గుడ్లను పొదుగుతుంది, అక్కడ ఓర్పు ప్రధానం. తరగతిలో పొదిగిన గ్రంథపాలకుడు అంటే ఈ రెండు అర్థాలూ సరిపోతాయి. అయితే పారిభాషిక పదాలను ఒక వ్యక్తి తన ఇష్టానుసారం శాసించలేడు కనుక ఆ చర్చను ఇక్కడితో ఆపుతాను.

పేరు కొత్తదే కాని పని కొత్తది కాదు. 1971లో అమెరికాలోని కాన్సాస్ సిటీలో, మిస్సోరీ విశ్వవిద్యాలయ వైద్య కళాశాలలో గెర్‌ట్రూడ్ లాంబ్ అనే గ్రంథపాలకురాలు ఒక కొత్త మార్గం తొక్కారు. వైద్యులు రోగుల మంచాల చుట్టూ తిరిగే వేళ గ్రంథపాలకులు కూడా వారి వెంట తిరిగేటట్లు చేశారు. రోగి పక్కన వైద్యునికి కలిగిన సందేహాన్ని అక్కడికక్కడే విని, దానికి సంబంధించిన వ్యాసాలను వెదికి తెచ్చి ఇచ్చేవారు. సందేహం పుట్టిన చోటనే దానిని వినడంలో ఎంతో లాభం ఉంది. అక్కడి నుంచి గ్రంథాలయం దాకా నడిచివచ్చేసరికి సందేహం సగం మరపునకు వస్తుంది, మిగిలిన సగం రూపు మార్చుకొంటుంది.

ఇంకా వెనుకకు పోదాం. రాజమహేంద్రవరంలో నన్నయభట్టు మహాభారతాన్ని తెనిగించడానికి పూనుకొన్నప్పుడు నారాయణభట్టు ఆయనకు తోడుగా నిలిచాడు. భారత యుద్ధంలో అర్జునునికి కృష్ణుడు తోడ్పడినట్లు నారాయణభట్టు తనకు తోడ్పడ్డాడని నన్నయ తన కావ్యావతారికలోనే చెప్పుకొన్నాడు. ఆ తోడ్పాటు ఎటువంటిది అనే విషయంలో పండితులలో భేదాభిప్రాయాలు ఉన్నాయి. అనేక భాషలు ఎరిగిన ఆ పండితునికి రాజరాజనరేంద్రుడు అగ్రహారం ఇచ్చినట్లు నందంపూడి శాసనం తెలుపుతోంది. నారాయణభట్టును గ్రంథపాలకుడు అనడం నా ఉద్దేశం కాదు. గొప్ప రచన జరిగే చోట, రచయిత పక్కనే, రచయిత కాని పండితుడు ఒకడు కూర్చోవడం మన సాహిత్యం తొలి అడుగులోనే ఉన్నదని గుర్తుచేయడం మాత్రమే నా ఉద్దేశం. కృష్ణుడు ఆయుధం పట్టలేదు, రథం నడిపాడు. గ్రంథపాలకుడు కూడా విద్యార్థి వ్యాసాన్ని తాను రాయడు.

పాఠకుడు వచ్చేదాకా గ్రంథాలయం ఆగరాదు అనే భావాన్ని ఉద్యమంగా మలచినది తెలుగువారే. 1914లో విజయవాడలో ఆంధ్రదేశ గ్రంథాలయ సంఘం ఏర్పడింది. దానికి ప్రాణం పోసిన అయ్యంకి వెంకటరమణయ్యగారు (1890-1979) తూర్పుగోదావరి సీమలోని కొంకుదురులో జన్మించారు. 'గ్రంథాలయ సర్వస్వము' అనే పత్రికను నడిపారు. గ్రంథాలయ యాత్రల పేరుతో కార్యకర్తలు ఊరూరా తిరిగి, పుస్తకం అవసరాన్ని బోధించేవారు. తీర్థయాత్రలో భక్తుడు దేవుని వద్దకు పోతాడు. ఈ యాత్రలో దేవుడే భక్తుని గడపకు వచ్చాడు. కర్నూలులో పుట్టిన గాడిచర్ల హరిసర్వోత్తమరావుగారు (1883-1960) గ్రంథాలయాన్ని వయోజన విద్యతో జోడించి, చదవడం రానివారికి కూడా గ్రంథాలయంపై హక్కు ఉందని చాటారు. 1918లో వేటపాలెంలో ఆరంభమైన సారస్వత నికేతనం భవనానికి 1929లో గాంధీజీ శంకుస్థాపన చేశారు. 1970 నుంచి 2022 దాకా ప్రకాశం జిల్లాలో ఉండి, ఇప్పుడు బాపట్ల జిల్లాలో చేరిన ఆ గ్రంథాలయంలోని పాత పత్రికల కోసం దూరప్రాంతాల పరిశోధకులు నేటికీ వస్తారు.

వీటన్నింటిలో నన్ను అధికంగా ఆకర్షించినది పడవ గ్రంథాలయం. 1935లో పాతూరి నాగభూషణంగారు (1907-1987) గుంటూరు సీమలో కొల్లూరు నుంచి పెదవడ్లపూడి దాకా కాలువ మీద పుస్తకాల పడవ నడిపించారు. నాటి కృష్ణా డెల్టాలో కాలువే రహదారి. ధాన్యం పడవలు, ఉప్పు పడవలు, పెళ్ళివారి పడవలు సాగే నీటి మీద పుస్తకాల పడవ కూడా సాగింది. ఒక్క సంగతి గమనించండి. నాగభూషణంగారు కొత్తగా కాలువ తవ్వించలేదు. ప్రజలు ఏ దారిలో తిరుగుతున్నారో ఆ దారిని ఎంచుకొని, పుస్తకాన్ని దానిపై ఎక్కించారు. అంతకు నాలుగేళ్ళ ముందు, 1931లో, తంజావూరు ప్రాంతపు మన్నార్‌గుడి పరిసరాలలో ఎడ్లబండి మీద గ్రంథాలయం తిరిగింది. అక్కడ కాలిబాట, ఇక్కడ కాలువ. నేడు కొనకనమిట్ల విద్యార్థిని తిరిగే దారి ఫోను తెర. గ్రంథపాలకుడు ఎక్కవలసిన పడవ అదే.

అదే 1931లో ఎస్.ఆర్. రంగనాథన్‌గారు గ్రంథాలయ శాస్త్రానికి పంచసూత్రాలను ప్రకటించారు. ఆయన మొదట గణిత అధ్యాపకుడు. 1924లో మద్రాసు విశ్వవిద్యాలయ గ్రంథపాలకుడయ్యారు. తరగతి గది ఎరిగిన మనిషి గ్రంథాలయంలోకి రావడం వల్లనే ఆయనకు పాఠకుని కాలం విలువ తెలిసిందని నాకు అనిపిస్తుంది. పాఠకుని సమయాన్ని ఆదా చేయాలనే ఆయన నాలుగవ సూత్రం ఆన్‌లైన్ విద్యార్థికి వర్తించినంతగా మరెవరికీ వర్తించదు. పగలు పొలం పనో, చిన్న ఉద్యోగమో చేసుకొని, రాత్రి రెండు గంటలు చదివే మనిషికి ఆ రెండు గంటలూ తప్పు మాటతో వెదకడంలోనే గడిచిపోతే మిగిలేది ఏమిటి?

ఆంధ్ర విశ్వవిద్యాలయం 1935లోనే గ్రంథాలయ శాస్త్రంలో శిక్షణ ఆరంభించింది. ఆ విశ్వవిద్యాలయ గ్రంథపాలకుడు అబ్బూరి రామకృష్ణరావుగారు భావకవి, నాటక ప్రయోక్త. పుస్తకాల సంఖ్యలు తెలిసినవాడు కవి కాకూడదనే నియమం ఎక్కడా లేదు. కవి కనుకనే పాఠకుని మనస్సులో ఏముందో ఊహించగలిగేవారు కాబోలు.

ఈ సందర్భంలో నా పరిశోధన నాటి సంగతి ఒకటి చెప్పాలి. ప్రబంధ వాఙ్మయంపై పనిచేస్తున్న రోజులలో ఒక పాత వ్యాఖ్యాన గ్రంథం కోసం నెలల తరబడి వెదికాను. మూలకవి పేరు కింద చూశాను. గ్రంథనామం కింద చూశాను. లేదని నిశ్చయించుకొని, 'అలభ్యం' అని నా నోటు పుస్తకంలో రాసుకొన్నాను కూడా. ఒకనాడు ఒక గ్రంథాలయంలో వృద్ధ గ్రంథపాలకుడు నా వద్దకు వచ్చి, "ఏం నాయనా, నాలుగు రోజులుగా అదే పెట్టెలో కార్డులు తిప్పుతున్నావు, ఏం కావాలి?" అని అడిగారు. చెప్పాను. ఆయన ఒక్క నిమిషం ఆలోచించి, "పరిష్కర్త పేరు కింద చూశావా?" అన్నారు. అయిదు నిమిషాలలో పుస్తకం నా ముందుంది. తప్పు గ్రంథాలయానిది కాదు, నాదే. అడగవచ్చుననే ఆలోచన నాకు రాలేదు. నా అదృష్టం ఏమంటే ఆయన లేచి నా బల్ల దగ్గరకు నడిచి వచ్చారు. నేను కార్డులు తిప్పుతున్నట్లు ఆయనకు కనబడింది. ఆన్‌లైన్ విద్యార్థి రాత్రి పదకొండు గంటలకు ఇంట్లో ఒంటరిగా కార్డులు తిప్పుతూ ఉంటే ఎవరికి కనబడుతుంది?

మన దేశంలో దూరవిద్యకు దారి చూపినది కూడా తెలుగునేలే. 1982 ఆగస్టులో హైదరాబాదులో స్థాపించిన ఆంధ్రప్రదేశ్ సార్వత్రిక విశ్వవిద్యాలయం దేశంలోనే మొదటిది. 1991లో దానికి డాక్టర్ బి.ఆర్. అంబేద్కర్ పేరు పెట్టారు. ఇందిరాగాంధీ జాతీయ సార్వత్రిక విశ్వవిద్యాలయం 1985లో వచ్చింది. ఆ తొలి రోజులలో పాఠం అచ్చు పుస్తకంగా తపాలాలో వచ్చేది, ఆదివారాలు అధ్యయన కేంద్రంలో తరగతులు జరిగేవి. 2017లో కేంద్ర ప్రభుత్వం 'స్వయం' వేదికను ఆరంభించింది. అందులోని ప్రతి కోర్సుకూ నాలుగు అంగాలు ఉంటాయి. దృశ్య పాఠం ఒకటి, చదువుకొనే సామగ్రి ఒకటి, చర్చావేదిక ఒకటి, స్వయం మూల్యాంకనం ఒకటి. ఇది చక్కని నిర్మాణమే. చదువుకొనే సామగ్రిలో ఉపయుక్త గ్రంథాల పట్టిక ఉంటుంది. కాని ఆ నాలుగు అంగాలలో గ్రంథపాలకునికంటూ పేరు పెట్టి కేటాయించిన పీట లేదు. పట్టిక ఉంది, పట్టికలోని పుస్తకం దాకా చేయి పట్టుకొని నడిపించే మనిషి లేడు.

సామగ్రికి కొరత ఉందా అంటే లేదు. గాంధీనగర్‌లోని ఇన్‌ఫ్లిబ్‌నెట్ కేంద్రం నిర్వహించే 'శోధ్‌గంగ'లో భారతీయ విశ్వవిద్యాలయాల పరిశోధన గ్రంథాలు ఎవరైనా చదువుకొనేటట్లు ఉన్నాయి. ఖరగ్‌పూర్ ఐ.ఐ.టి. నిర్మించిన జాతీయ డిజిటల్ గ్రంథాలయాన్ని 2018లో జాతికి అంకితం చేశారు. 2024 నవంబరులో కేంద్ర మంత్రివర్గం 'ఒకే దేశం - ఒకే చందా' పథకాన్ని ఆమోదించింది. 2025 జనవరి నుంచి ప్రభుత్వ విద్యాసంస్థలకు ముప్పై ప్రచురణ సంస్థల పత్రికలు, దాదాపు 13,000, అందుబాటులోకి వచ్చాయి. మూడేళ్ళకు కేటాయించిన ధనం 6,000 కోట్ల రూపాయలు. ఇంత ధనం వెచ్చించి తెరిచిన తలుపు ఎక్కడ ఉందో, ఏ తాళంచెవితో తెరుచుకొంటుందో విద్యార్థికి చెప్పడానికి ఎంత వెచ్చిస్తున్నాం అనే ప్రశ్న అడగక తప్పదు. ప్రైవేటు కళాశాలల విద్యార్థులు ఈ పథకం మొదటి దశ వెలుపలే ఉన్నారు. వారికి ఉచితంగా లభించే మార్గాలు ఏవో తెలియజేయడం మరింత అవసరం.

తరగతిలో చేరిన గ్రంథపాలకుడు చేసే పని ఏమిటో మన విద్యార్థిని విషయంలోనే చూద్దాం. వ్యాసం అంశం ప్రకటించిన రెండవ రోజున గ్రంథపాలకురాలు చర్చలో పలకరిస్తుంది. "మీ అంశం, మీ ఊరు రాయండి. మీరు ఇంతవరకు ఏ మాటలతో వెదికారో కూడా రాయండి" అంటుంది. ఈ మూడవ ప్రశ్నలోనే కిటుకు ఉంది. ఏమి దొరికింది అని అడగలేదు, ఏ మాటతో వెదికావు అని అడిగింది. వైద్యుడు నాడి చూసినట్లు ఆమె మాటను చూస్తుంది. "ప్రకాశం జిల్లా ఫ్లోరోసిస్ అని వెదికాను మేడమ్" అని అమ్మాయి రాస్తుంది. "అమ్మా, మీ పొదిలి సీమ 1970కి ముందు ఏ జిల్లాలో ఉండేదో ఇంట్లో పెద్దవారిని అడుగు. ఆ జిల్లా పేరుతో ఒకసారి, మద్రాసు ప్రెసిడెన్సీ అని మరొకసారి, ఇంగ్లీషులో వెదుకు. ఫ్లోరైడు అనే చోట ఫ్లోరిన్ అని కూడా చూడు, పాత వ్యాసాలలో ఆ మాట ఎక్కువ" అని బదులు వస్తుంది. సమాధానం చేతిలో పెట్టలేదు. దారి చూపింది. అదే చర్చను గిద్దలూరు విద్యార్థి చదివి, తన అంశానికి కర్నూలు పేరుతో వెదుకుతాడు. మదనపల్లె విద్యార్థి చిత్తూరు పేరుతో వెదుకుతాడు. ఒకరికి చెప్పినది నలుగురికి పనికివచ్చింది.

వచ్చే సమయం కూడా ముఖ్యమే. కోర్సు మొదటి రోజున గంటసేపు గ్రంథాలయాన్ని గురించి ఉపన్యసిస్తే ఎవరికీ గుర్తుండదు. ఆకలి లేనప్పుడు వడ్డించిన అన్నం వంటిది అది. వ్యాసం అప్పగించే గడువుకు ముందురోజు రాత్రి వచ్చినా ఫలం లేదు. అందుకే అధ్యాపకుడూ గ్రంథపాలకుడూ కోర్సు ఆరంభానికి ముందే కూర్చొని, ఏ వారంలో ఏ పని ఇవ్వాలో నిర్ణయించుకోవాలి. ఇది జరగని చోట తరగతిలో గ్రంథపాలకుని పేరు ఉన్నా అది శిలాశాసనంలోని పేరువంటిదే.

ఇందులో చిక్కులు లేవని చెప్పలేను. ఒక విశ్వవిద్యాలయంలో కోర్సులు వందల్లో ఉంటాయి, గ్రంథపాలకులు వేళ్ళపై లెక్కించదగినంతమంది. పదవీ విరమణ చేసినవారి స్థానాలు భర్తీ కాక ఖాళీగా ఉండటం మన కళాశాలలలో అందరూ ఎరిగినదే. ఒక మనిషి అన్ని తరగతులలోనూ కూర్చోలేడు. కనుక పరిశోధనాత్మక వ్యాసం ఉన్న కోర్సులనే ఎంచుకోవడం ఉచితం. మరొక చిక్కు అధ్యాపకుల మనస్సులో ఉంది. తన తరగతిలో మరొకరు మాట్లాడటం కొందరికి రుచించదు. మేము చెప్పలేనిదా అనే అభిమానం అడ్డువస్తుంది. మా వృత్తిలో ఈ గుణం ఉన్నదని ఒప్పుకోవడానికి నేను సంకోచించను. విద్యార్థుల మార్కులు, సొంత వివరాలు గ్రంథపాలకునికి కనబడవచ్చునా అనే ప్రశ్న ఒకటి ఉంది. అవసరం లేదు కనుక కనబడకూడదు. ఆయనకు చర్చ కనబడితే చాలు.

ఇటీవల ఇంకొక ఆపద వచ్చింది. కృత్రిమ మేధ సాధనాలు అడిగిన క్షణంలోనే వ్యాసం రాసి ఇస్తున్నాయి. వాటితోపాటు ఆధార గ్రంథాల పట్టిక కూడా ఇస్తున్నాయి. రచయిత పేరు, పత్రిక పేరు, సంవత్సరం, పుట సంఖ్య అన్నీ ఉంటాయి. ఒక్కొక్కప్పుడు ఆ వ్యాసం మాత్రం ఈ భూమిపై ఎక్కడా ఉండదు. పూర్వం కాలక్షేపం కోసం కల్పించిన చాటువులను మహాకవులకు అంటగట్టేవారు. వాటిని వేరుచేయడానికి మా పరిశోధకులు ఎంతో శ్రమించారు. కాని ఆ కల్పనలో కనీసం ఒక మనిషి సరదా ఉండేది. లేని ఆధారాన్ని చూపిన విద్యార్థి మోసం చేయాలనుకొని ఉండకపోవచ్చు. అచ్చులో కనబడినదంతా నిజమనే అమాయకత్వం అది. ఫలితం మాత్రం మోసానికి కలిగేదే. 2018లో విశ్వవిద్యాలయ నిధుల సంఘం గ్రంథచౌర్యాన్ని నివారించే నిబంధనలు తెచ్చింది. దండించే నిబంధన ఉండటం అవసరమే. పట్టికలోని ప్రతి ఆధారాన్నీ తెరిచి చూడటం ఎలాగో ముందుగా నేర్పిన తరువాత కదా దండన గురించి మాట్లాడవలసినది! ఆ నేర్పే పని గ్రంథపాలకునికన్న బాగా చేయగలవారు లేరు. గ్రంథం ఉన్నదా లేదా అని చూసి చెప్పడం ఆయన వృత్తిలో మొదటి పాఠం.

మన విద్యార్థిని సంగతికి వద్దాం. నెల్లూరు పేరుతో వెదికిన ఆమెకు 1937 నాటి వ్యాసం ప్రస్తావన దొరికింది. దానిని ఉదహరించిన తరువాతి వ్యాసాలు వరుసగా బయటపడ్డాయి. వ్యాసం మొదటి పేరాను కొట్టివేసి మరల రాసింది. బోరుబావుల మాట తీసివేయలేదు. వ్యాధి పాతదనీ, లోతైన బోర్లు దానిని పెంచాయా అనేది వేరుగా పరిశీలించవలసిన ప్రశ్న అనీ రాసింది. తాతగారు పుట్టేనాటికే ఈ నీటిని గురించి పుస్తకాలలో రాసి ఉన్నదన్న సంగతి ఆమెను చాలాసేపు నిద్రపోనివ్వలేదు. తెలిసి కూడా ఇన్నేళ్ళు ఎందుకు జరిగింది అనే ప్రశ్న ఆమె వ్యాసంలో కొత్తగా చేరింది. తరగతి చర్చలో ఇంకొక ప్రశ్న కూడా అడిగింది.

"మేడమ్, 1937కి ముందు మా ఊరివాళ్ళు ఈ జబ్బును ఏమని పిలిచేవారు?"

మరునాడు బదులు వచ్చింది. "నా దగ్గర ఉన్న ఏ సూచికలోనూ ఆ సంగతి లేదమ్మా. మీ తాతగారిని, ఆయన ఈడువారిని అడుగు. వారు చెప్పిన మాటను చెప్పినట్లే రాసుకో. పక్కన వారి పేరు, ఊరు, తేదీ వేయి. వారు అనుమతిస్తే ఆ కాగితం నాకు పంపు. దానిని గ్రంథాలయంలో చేరుస్తాను."

అభ్యాసం

వ్యాసరూప సమాధాన ప్రశ్నలు

ఆన్‌లైన్ కోర్సులో గ్రంథపాలకుడు ఉండటం వల్ల కలిగే ప్రయోజనాలను, అందులోని చిక్కులను పాఠం ఆధారంగా వివరించండి.

పాఠకుని వద్దకు గ్రంథాన్ని చేర్చడానికి ఆంధ్రదేశ గ్రంథాలయోద్యమ నాయకులు చేసిన కృషిని తెలపండి.

సంగ్రహరూప సమాధాన ప్రశ్నలు

'పొదుగు' అనే క్రియను రచయిత ఎందుకు మెచ్చుకొన్నారు?

1970కి పూర్వపు పొదిలి ప్రాంతం సమాచారాన్ని ఏ పేర్లతో వెదకాలి? ఎందుకు?

మీ ఊరు 1950లో ఏ తాలూకాలో, ఏ జిల్లాలో ఉండేదో మీ ఇంటి పెద్దలను అడిగి తెలుసుకొని రాయండి.

ఏకపద / వాక్య సమాధాన ప్రశ్నలు

పడవ గ్రంథాలయాన్ని నడిపినవారు ఎవరు?

రంగనాథన్ నాలుగవ సూత్రం దేనిని గురించి చెబుతుంది?

దేశంలో మొదటి సార్వత్రిక విశ్వవిద్యాలయం ఏ సంవత్సరంలో ఏర్పడింది?